పిరికి తాయమ్మ కట్టించిన కంకణం

ఎర్రకండ్రిగలో తాయమ్మలు ఇద్దరు. వాళ్ళను వేరుచేసి చెప్పుకోవడానికి ఊరు ఒకామెకు పెరుగు తాయమ్మ అనీ, ఇంకొకామెకు పిరికి తాయమ్మ అనీ పేరు పెట్టింది. పెరుగు తాయమ్మ పెరుగు అమ్మేది. పిరికి తాయమ్మ ఏం చేసేదో పేరులోనే ఉంది. ఈ కథ ఆమెది.

సత్యవేడు నుంచి పొద్దున నడక మొదలుపెడితే ఎండ ముదరకముందే చేరుకునే ఊరది. అక్కడ తాయమ్మకు కాస్త వేరుశెనగ మెట్ట, ఒక పాడి ఆవు, పూరిల్లు ఉండేవి. ఉరుము వినబడితే ఆవును తోలుకొచ్చి ఇంట్లోనే కట్టేసుకునేది. బస్సెక్కితే దిగేదాకా కళ్ళు తెరిచేది కాదు. గుడ్లగూబ కూసిందంటే తెల్లారేసరికి చుట్టుపక్కల ఇళ్ళన్నీ తిరిగి, అందరూ లేచారో లేదో చూసుకుని వచ్చేది. "తాయమ్మను చూస్తే దయ్యాలే పాపమని పక్కకు తప్పుకుంటాయి" అని ఊళ్ళోవాళ్ళు నవ్వేవారు.

నవ్వేవాళ్ళ సొమ్మేం పోయింది? ఆమె మొగుడు మునస్వామి ఒకనాడు కడుపులో బాగాలేదంటూనే సంతకు బయల్దేరాడు. "ఈ పొద్దు వద్దు, నాకు భయంగా ఉండాది" అంది. "నీకు భయం లేని పొద్దు ఏ పొద్దో సెప్పు, ఆ పొద్దే పోతాను" అని నవ్వి వెళ్ళాడు. సాయంత్రం బండిలో పడుకోబెట్టి తెచ్చారు. ఆ ఏడు ఊళ్ళో కలరాకు పోయిన మొదటి మనిషి అతనే. అప్పటినుంచి తాయమ్మ తన భయాన్ని ఇంటికి పెద్దగా చూసుకుంది. అది చెప్పిన మాట కాదనేది కాదు.

పిల్లలు ఇద్దరు. పెద్దది కూతురు. ధర్మరాజు గుడి దగ్గర భారతం జరిగే రోజుల్లో పుట్టిందని భారతమ్మ అని పేరు పెట్టారు. చిన్నవాడు వెంకటముని. భారతమ్మను ధనంజయ అనే పనిమంతుడికి ఇచ్చారు. మనిషి పనిమంతుడైతే సరిపోతుందా, వాన కూడా పడాలి కదా. వరసగా మెట్టలు ఎండాయి. అప్పుడు మలయా దేశంలో రబ్బరు తోటలకు కూలీలను చేర్చే కంగాణి ఒకడు ఊరూరూ తిరుగుతూ ఎర్రకండ్రిగకూ వచ్చాడు. అక్కడ చెట్టుకు గాటు పెడితే పాలు కారుతాయనీ, ఆ పాలే డబ్బనీ చెప్పాడు. యుద్ధానికి రెండేళ్ళ ముందు మొగుడూ పెళ్ళాం ఓడెక్కారు.

సాగనంపడానికి తాయమ్మ మద్రాసు దాకా పోయింది. ఆమె సముద్రం చూడటం అదే మొదటిసారి. ఎంత పెద్ద చెరువుకైనా అవతలి కట్ట ఉంటుంది. దీనికి లేదు. ఓడ చిన్నదై చిన్నదై కనబడకుండా పోయేదాకా రేవులో నిలబడి, "ఇన్ని నీళ్ళలో నా బిడ్డను ఎవురు పట్టుకుంటారు" అని ఏడ్చింది. భారతమ్మ క్షేమంగానే చేరింది. తోటలో పని దొరికిందని ఒక కార్డు, కొన్నాళ్ళకు ఆడపిల్ల పుట్టిందని ఇంకో కార్డు వచ్చాయి. తర్వాత నలభై రెండో సంవత్సరం మొదట్లో జపాను వాళ్ళు మలయాను పట్టుకున్నారు. ఆనాటినుంచి అటువైపు నుంచి ఒక్క మాట లేదు.

అదే ఎండాకాలం జపాను ఓడలు మద్రాసు మీదికి వస్తున్నాయని పుకారు పుట్టింది. పట్నానికి పట్నమే మూటలు కట్టుకుని పడమటికి కదిలింది. సత్యవేడు బాట మీద కుట్టుమిషన్లు, హార్మోనియం పెట్టెలు, పంజరంలో చిలకలు బండ్లెక్కి వచ్చాయి. తాయమ్మ పంచలో నెల రోజులు తలదాచుకున్న ఒక గుమాస్తా భార్య, ఆ జపాను వాళ్ళు ఒడ్డుకు దిగితే ఏమేం చేస్తారో పూటకో రకంగా చెప్పేది. ఆమెకది పొద్దుపోక చెప్పే కబురు. తాయమ్మకు ఆ మాటల్లో మద్రాసు కనబడలేదు, మలయా కనబడింది. అక్కడ వాళ్ళు దిగనే దిగారు. తన కూతురు వాళ్ళ మధ్యే ఉంది. ఆ ఆలోచన వచ్చినప్పుడల్లా ఆమె కంచం ముందునుంచి లేచిపోయేది.

మరుసటి ఏడు డబ్బు పెట్టినా బియ్యం దొరకలేదు. వెంకటముని చిత్తూరు పోయి పటాలంలో చేరి వచ్చాడు. అడిగితే తల్లి పోనివ్వదని చేరాకే చెప్పాడు. "కడుపునిండా తిండి పెడతారమ్మా. ఎవురికి తెల్సు, అక్కుండే దిక్కుకే పంపిస్తారేమో. పంపిస్తే అక్కను తీసుకోనే వస్తాను" అన్నాడు. కొడుకు అన్నం కోసం పోతున్నాడా, అక్క కోసం పోతున్నాడా అని తాయమ్మ చాలాకాలం ఆలోచించింది. ఏ కారణమైనా పోవడం పోవడమే.

అతను నలభై ఐదో సంవత్సరం ఆడి నెలలో, అంటే ఆషాఢంలో, సెలవు మీద ఇంటికొచ్చాడు. మనిషి నల్లబడి, భుజాలు తేలి, చూడడానికి బాగానే ఉన్నాడు. కూర్చుంటే మాత్రం కాలు ఆడిస్తూనే ఉన్నాడు. చిన్నప్పుడు వాడికి ఆ అలవాటు లేదు.

"తొమ్మిది దినాలే సెలవమ్మా" అన్నాడు తల్లి పెట్టిన సంగటి తింటూ. "మళ్ళా మద్రాసులో కాంపుకు పోవాల. ఆడి నుంచి ఓడ."

"ఓడ యాడికి?"

"సెప్పరు. అయితే మాకు మలయా మాటలు నేర్పిస్తా ఉండారు. నీళ్ళు కావాలంటే ఏమనాల, దోవ యాడుండాదంటే ఏమనాల అని. ఇంగేముండాది సెప్పేదానికి? అక్కుండే దేశమే. జపానోళ్ళ చేతుల్లోనుంచి దాన్ని ఇడిపించేదానికి పోతా ఉండాము. ఓడలు లెక్కలేనన్ని."

తాయమ్మ గంటె పక్కన పెట్టింది. "ఓడ దిగేది ఎట్లరా?"

"ఓడ దరికి పోదు. లోతు సాలదు గదా. పెద్ద వల మాదిరి తాళ్ళు అల్లి ఓడ పక్కన ఏలాడేస్తారు. దాన్ని పట్టుకోని సిన్న పడవలోకి దిగాల. పడవకు ముందర తలుపుంటాది. అది దబ్బుమని పడతానే నీళ్ళలోకి దూకి ఒడ్డుకు నడవాల. లారీలు ఇసకలో దిగబడకుండా తడికెలు పరిచేది మా పటాలం పని. అందరికన్నా ముందర మేమే దిగాల."

"ఒడ్డున ఎవురుంటారు?"

"ఉంటారు" అన్నాడు వెంకటముని. కాలు ఆడించడం ఆగిపోయింది. మిగిలిన సంగటి తినకుండానే చెయ్యి కడుక్కున్నాడు.

ఒక బిడ్డను మింగిన సముద్రం రెండో బిడ్డను కూడా అడుగుతోంది. ఆ మధ్యాహ్నమంతా తాయమ్మ పొయ్యి ముందు కూర్చుని వణికింది. సాయంత్రానికి మాత్రం ఆమె ముఖం తేటపడింది. పిరికివాళ్ళను తక్కువ అంచనా వేయకూడదు. తప్పించుకునే దారులు వాళ్ళకు తెలిసినంతగా ధైర్యవంతులకు తెలియవు.

మర్నాడు ధర్మరాజు తిరునాళ్ళకు జెండా ఎక్కే రోజు. ఆ సీమలో భారతమంటే పద్దెనిమిది రోజుల పండగ. పగలు కథ చెబుతారు, రాత్రి నాటకం ఆడతారు. ఆఖరి రోజున, మట్టితో ఏనుగంత చేసి పడుకోబెట్టిన దుర్యోధనుణ్ణి వధించి, ద్రౌపదమ్మ పేరు మీద నిప్పుల గుండం తొక్కుతారు. గుండం తొక్కుతామని మొక్కుకున్నవాళ్ళకు జెండా ఎక్కిన రోజే చేతికి పసుపు కంకణం కడతారు. కంకణం కట్టుకున్న మనిషి ఒంటిపూట తినాలి, గుడి దగ్గరే పడుకోవాలి, గుండం తొక్కి దాన్ని విప్పేదాకా ఊరి పొలిమేర దాటకూడదు. దాటితే దాటినవాడికే కాదు, ఊరంతటికీ అరిష్టం. ఎర్రకండ్రిగలో మునసబు మాట జవదాటినవాళ్ళున్నారు, పోలీసు మాట జవదాటినవాళ్ళున్నారు. కంకణం కట్టుకుని పొలిమేర దాటినవాడు ఒక్కడూ లేడు.

"నీకు మొక్కుకున్నానురా. రేపు కంకణం కట్టుకోవాల" అంది తాయమ్మ.

"గుండం ఎప్పుడు? నా సెలవు తొమ్మిది దినాలే గదా."

"యుద్ధం వచ్చినకాడ్నుంచి కిరసనాయిలు యాడ దొరకతా ఉండాది? నాటకాలు సగానికి సగం తీసేసినారు. ఈ తూరి భారతం ఎనిమిది దినాలే. గుండం తొక్కి నిమ్మళంగా పోవచ్చు."

అబద్ధం ఆడటం ఆమెకు అలవాటు లేని పని. అయినా గొంతు తడబడలేదు. కొడుకు ఆమె ముఖంలోకి కాసేపు చూసి, సరేనన్నాడు. మర్నాడు పూజారి చిన్నబ్బ ముందు తడిబట్టలతో నిలబడి చెయ్యి చాపాడు. పసుపుకొమ్ము కట్టిన దారం ఆ మణికట్టుకు మూడు చుట్లు తిరిగి ముడిపడేసరికి తాయమ్మకు ప్రాణం లేచొచ్చింది. ఇంక వాణ్ణి ఏ ఓడా తీసుకుపోలేదు.

ఆ సంతోషం ఎక్కువ రోజులు నిలవలేదు. భారతం ఎనిమిదో రోజుకు పాండవులు ఇంకా అడవుల్లోనే ఉన్నారు. కిరసనాయిలు చాలకపోయినా ఊరు నాటకం మానలేదు. ఆముదం దివిటీలు పెట్టుకుని ఆడారు. సెలవు ఆఖరి రోజు పొద్దున వెంకటముని ఖాకీ బట్టలు తీసి చూశాడు. కొడుకు అరుస్తాడనీ, అబద్ధం చెప్పావని నిలదీస్తాడనీ తాయమ్మ గోడకు ఆనుకుని ఎదురుచూసింది. అతను బట్టలు మళ్ళీ మడిచి పెట్టెలో పెట్టి గుడికి పోయాడు. ఎందుకు అరవలేదో ఆమెకు అర్థం కాలేదు. అడగడానికి ధైర్యమూ చాల్లేదు.

సెలవు దాటిందని తెలిసేసరికి ఊళ్ళో గుసగుసలు మొదలయ్యాయి. పటాలం నుంచి పారిపోయినవాణ్ణి గోడకు నిలబెట్టి కాలుస్తారని ఒకరన్నారు. దాచిన ఇంటిని తగలబెడతారని ఇంకొకరన్నారు. గ్రామ మునసబు దామోదరం తాయమ్మ వాకిట్లోకి వచ్చి తల పట్టుకున్నాడు.

"సిపాయిని దాచిన ఊరంటారమ్మా మనల్ని. నా పదవి సంగతి అట్లుండనీ, ఊరినంతా తీసుకోనిపోయి పోలీసు సావడిలో కూసోబెడతారు. కంకణం తెంపుదామంటే సిన్నబ్బ ఒప్పుకోడు. తెంపితే వాన రాదంటాడు. ముందర పోతే నుయ్యి, ఎనక్కి పోతే గొయ్యి. నువ్వు సేసిన పనికి నాకు నిద్ర పట్టడం ల్యా."

తాయమ్మకు మాత్రం నిద్ర పడుతోందా? ఇంతకుముందు ఆమెకు ఒకటే భయం, కొడుకు ఓడెక్కుతాడని. ఇప్పుడు కుక్క మొరిగినా భయమే, బాట మీద దుమ్ము లేచినా భయమే. ఎవరైనా "ఏమే తాయమ్మా" అని పిలిస్తే చేతిలోది జారిపోయేది.

మూడో నాటి మధ్యాహ్నం ఆ దుమ్ము నిజంగానే లేచింది. సత్యవేడు వైపు నుంచి మిలిటరీ లారీ ఒకటి మోత పెట్టుకుంటూ ఊళ్ళోకి వచ్చింది. భారతం వినడానికి కూర్చున్న జనం చాపలు కూడా చుట్టుకోకుండా చెల్లాచెదురయ్యారు. కథ చెప్పే ఆయన పద్యం మధ్యలో మింగేశాడు. మునసబు దామోదరం తలపాగా చేతిలో పట్టుకుని లారీకి ఎదురుపోయాడు. తాయమ్మ ఉన్నచోటే మట్టిలో కూలబడింది. పెదవులు ఆడుతున్నాయి గాని ఏ దేవుడి పేరూ రావడం లేదు.

లారీ దిగిన హవల్దారు చుట్టూ చూసి, మేకలు అమ్ముతారా అని అడిగాడు. కాంపులో మాంసానికి కావాలట. నాలుగు మేకల్ని ఎక్కించుకుని వచ్చిన దారినే పోయాడు. ఊరు ఊపిరి పీల్చుకుంది. ఒకరినొకరు చూసుకుని నవ్వుకున్నారు కూడా.

తాయమ్మ కొడుకును వెతుక్కుంటూ గుడి పక్కన భారతం ఆడే మిట్ట మీదికి పోయింది. గుళ్ళో లేడు. వంటశాలలో లేడు. చివరికి సగం చేసిన దుర్యోధనుడి మట్టి తొడ వెనక, తడి మట్టిలో ముడుచుకుని కనిపించాడు. రెండు చేతులూ తల మీద పెట్టుకుని ఉన్నాడు. పళ్ళు టకటక కొట్టుకుంటున్నాయి. బట్ట తడిసిపోయి ఉంది. పాతికేళ్ళ మనిషి. ఆమె ఆ దృశ్యాన్ని చచ్చేదాకా మరిచిపోలేదు.

"పోయినారు నాయనా" అంది పక్కన కూర్చుని. "మేకల కోసరం వచ్చినారంతే."

అతను తలెత్తాడు. "అమ్మా, నువ్వు అబద్ధం సెప్పినావని నాకు ముందరే తెల్సు."

ఆమె అతని మణికట్టు మీది కంకణం వైపు చూసింది.

"నువ్వు ఎనిమిది దినాలని సెప్పిన సాయంత్రమే సిన్నబ్బను అడిగినాను. ఎప్పటి మాదిరే పద్దెనిమిది అన్నాడు. తెలిసే సెయ్యి సాపినాను. అమ్మ ఆపింది, ద్రౌపదమ్మ ఆపింది, నా తప్పేముండాదని సెప్పుకోవచ్చు గదా అనుకున్నాను."

"ఏమిటికిరా?"

"మా పటాలంలో నగరి పిల్లోడు ఒకడు ఉండె. సుబ్రమణ్యమని, నేసేవాళ్ళ బిడ్డ. మాకు అలవాటు కావాలని సముద్రంలో దించి నేర్పిస్తారు. యుద్ధం గాదు, ఏమీ గాదు. వాడు తడికె భుజాన ఏసుకోని పడవలోనుంచి దిగినాడు. ఆడ లోతని తెలీలేదు. బరువు గదా, పైకి రాలేదు. నేను వాని ఎనకాలే ఉండాను. సెయ్యి ఒకటి కనపడింది. పట్టుకోవాలంటే నా భుజాన ఉండే బరువు పారేయాల. పారేసేదానికి నాకు సేతులు రాలేదమ్మా. భయం." అతను మట్టిలోకి చూస్తూ చెప్పాడు. "ఒక్క తుపాకి కూడా లేని ఒడ్డు అది. అట్లాంటిది, తుపాకులుండే ఒడ్డున నేను దిగేది యాడ? అక్కను తెస్తానని సెప్పి పోయినోణ్ణి, ఈ మన్నుముద్ద ఎనకాల దాక్కోనుండాను."

తాయమ్మ కొడుకు వీపు మీద చెయ్యి వేసి కూర్చుంది. భయమంటే ఏమిటో ఆ ఊళ్ళో ఆమెకు తెలిసినంత ఎవరికీ తెలియదు. అది ఒకసారి తలుపు తీయిస్తే ఇంక ఇంట్లోనుంచి పోదు. ఈరోజు లారీకి దాక్కున్నాడు. రేపు సంతకు పోలేడు, ఎల్లుండి బండి చప్పుడైతే లేచి పరిగెడతాడు. తుపాకీ దెబ్బకు పోతాడేమోనని కట్టి పడేసుకుంది. ఇప్పుడు బతికుండగానే వీడు మట్టి వెనక మనిషి అయిపోతాడని ఆమెకు కొత్త భయం పట్టుకుంది. ఆమె ఎరిగిన భయాలన్నిట్లో అది పెద్దది. పెద్ద భయం చెప్పిన మాటే వినడం ఆమెకు అలవాటు.

లేచి నేరుగా చిన్నబ్బ దగ్గరికి పోయింది. చెల్లాచెదురైన జనం మళ్ళీ వచ్చి కూర్చుంటున్నారు.

"సిన్నబ్బా, ఒకరి కంకణం ఇంకొకరికి కట్టొచ్చా?"

పూజారి గడ్డం గోక్కున్నాడు. "ఒకే రక్తమైతే కట్టొచ్చు. మా తాత కాలంలో కంకణం కట్టుకున్నోడు పాము కరిసి సచ్చిపోతే వాని తమ్మునికి కట్టినారు. అయితే మొక్కు ఆ మనిషిదైపోతాది. గుండం తొక్కాల."

"అయితే నాకు కట్టు."

కూర్చున్నవాళ్ళల్లో ఎవరో కిసుక్కున నవ్వారు. పిరికి తాయమ్మ నిప్పులు తొక్కుతుందట. చిన్నబ్బ నవ్వలేదు. "ఆడోళ్ళు ఈ ఊర్లో గుండం తొక్కింది ల్యా. అందులోనూ నువ్వు మొగుడు పోయినదానివి."

"ఆ గుండం ఎవురి పేరు మింద తొక్కతారు? ద్రౌపదమ్మ ఆడది గాదా? నిండు సభలో ఐదుగురు మొగుళ్ళూ కూసోనుండి కూడా ఆమె పక్కన ఎవురూ లేరని నువ్వే గదా కథలో సెప్పిస్తావు. నాకూ ఎవురూ లేరు. కట్టు."

మునసబు దామోదరానికి ఒక్కసారిగా శాస్త్రాలన్నీ గుర్తొచ్చాయి. తాయమ్మ చెప్పింది అక్షరాలా ధర్మమనీ, అలా చేస్తే వానకూ ఢోకా లేదనీ, సర్కారుకూ మాట రాదనీ గట్టిగా చెప్పాడు. చిన్నబ్బ ఇంక కాదనలేకపోయాడు. వెంకటమునిని పిలిపించి, అతని మణికట్టు మీది ముడి విప్పి, ఆ దారాన్నే తడిపి తల్లి చేతికి కట్టాడు. కొడుకు, చెయ్యి తేలికైనందుకో ఏమో, దాన్ని రెండో చేత్తో పట్టుకుని నిలబడ్డాడు.

ఎండ వాలకముందే ఖాకీ బట్టలు వేసుకుని బయల్దేరాడు. ఊత్తుకోట దాకా నడిస్తే మద్రాసు బస్సు దొరుకుతుంది. తాయమ్మ వెంట నడిచింది. వేరుశెనగ చేల చివర పొలిమేర రాయి దగ్గర ఆమె ఆగిపోవాల్సి వచ్చింది. ఇప్పుడు కంకణం ఆమె చేతికుంది. బస్సు దాకా పోయి సాగనంపే వీలు కూడా లేకపోయింది.

"అమ్మా, నాకు భయం పోలేదు" అన్నాడు వెంకటముని అవతల నిలబడి.

"నాకు మాత్రం పోయిందా? ఈడ నిలబడుకోని వణకతా ఉండాను, సూడు. అయినా పో. అక్క ఆడుండాది."

అతను పోయాడు. రెండుసార్లు వెనక్కి తిరిగి చూశాడు. రెండుసార్లూ ఆమె పిలుస్తుందేమోనని చూశాడు. ఆమె కొంగు నోట్లో కుక్కుకుని నిలబడింది.

నిప్పుల మీదికి అడుగుపెట్టేటప్పుడు తాయమ్మకు ఎక్కడలేని ధైర్యం వచ్చిందని ఎర్రకండ్రిగలో ఇప్పటికీ చెప్పుకుంటారు. అదంతా ఉత్తమాట. ఆమె గుండం ముందు నిలబడి రెండుసార్లు వెనక్కి తగ్గింది. పసుపు నీళ్ళు పోసిన తలలోంచి నీళ్ళు కారుతుంటే చలిజ్వరం వచ్చినట్టు ఊగిపోయింది. మూడోసారి, "తల్లీ, నా కొడుకును ఒడ్డు సేర్చు" అని ఒక్క కేక పెట్టి నడిచింది. భక్తి ఉంటే అరికాళ్ళు కాలవంటారు. ఆమెకు కాలాయి. బొబ్బలు తగ్గేదాకా వెన్న రాసుకుంటూ ఇంట్లో కూర్చుంది. పిరికి తాయమ్మ అని అప్పటికీ అన్నారు గాని, అనేటప్పుడు నవ్వడం మానేశారు.

బొబ్బలు ఆరకముందే మునసబు దామోదరం కబురు తెచ్చాడు. జపాను ఓడిపోయిందట, యుద్ధం ఆగిపోయిందట. తాయమ్మ కాళ్ళ నొప్పి మరిచి లేచి నిలబడింది.

"అయితే వాడు తిరిగొచ్చేస్తాడు గదా?"

దామోదరం తల అడ్డంగా ఊపాడు. "ఓడలు పోతాయంట తాయమ్మా. జపానోళ్ళు అంతమంది ఆడనే ఉండారు గదా, తుపాకులు పట్టుకోని. మనోళ్ళు పోయి దిగి దేశాన్ని తీసుకోవాల. వాళ్ళు ఊరకుంటారో కాలుస్తారో దిగినాక గాని తెలీదంట."

ఇంకొన్నాళ్ళలో ఆగిపోయే యుద్ధానికి కొడుకును పంపిన తల్లి తానొక్కతే అయి ఉంటుందని తాయమ్మ ఆ రోజు తలబాదుకుంది. ఆ తర్వాత రోజులు ఎలా గడిచాయో ఆమె ఎవరికీ సరిగా చెప్పలేదు. పొద్దున తూర్పుకు తిరిగి దండం పెట్టేది, మళ్ళీ ఆ దిక్కునే సముద్రం ఉందని గుర్తొచ్చి ముఖం తిప్పుకునేది. దీపావళి దాటాక, ఆలస్యంగా చేరినందుకు జీతం కోసి వదిలేశారనీ, క్షేమంగా ఉన్నాననీ రెండు ముక్కల కార్డు వచ్చింది. దాన్ని మునసబు చేత మూడుసార్లు చదివించుకుని, "అక్క గురించి లేదా?" అని అడిగింది. లేదన్నాడు.

మరుసటి ఎండాకాలం వెంకటముని పటాలం వదిలి ఇంటికొచ్చాడు. అతని వెంట ఆరేళ్ళ ఆడపిల్ల ఒకతె ఉంది. కాళ్ళూ చేతులూ పుల్లలు. ఎవరితోనూ మాట్లాడకుండా అతని చొక్కా అంచు పట్టుకుని నిలబడింది. తాయమ్మ వాళ్ళ వెనక బాట మీద ఇంకెవరైనా వస్తున్నారేమోనని చూసింది. ఎవరూ లేరు.

అతనే చెప్పాడు, గడపలో కూర్చుని, మాట మాటకూ ఆగుతూ.

"మేము దిగిన ఒడ్డున ఒక్క తుపాకి పేల్లేదమ్మా. జపానోడు ఒక్కడు రాలేదు. నీళ్ళు గుండెలదాకా వచ్చినాయి, లారీలు బురదలో కూరకపోయినాయి, అంతే. నేను దిగినాను. తడికె పరిసినాను." పిల్లను దగ్గరికి లాక్కున్నాడు. "అక్క తోట కనుక్కునేదానికి నెలలు పట్టింది. బావను సియాం దేశంలో రైలు బాట ఏసేదానికి పట్టుకోనిపోయినారంట. తిరిగి రాలేదు. తోటలో తినేదానికి గంజి కూడా లేదంట. అక్క సలిజొరంతో పోయింది. రెండేండ్లు దాటింది. పక్కింటి అరవామె ఈ బిడ్డను సాకింది. దీనికి అరవం తప్ప రాదు. కూలోళ్ళను ఓడల్లో తిరిగి పంపతా ఉంటే, నేనే పేరు రాయించి తీసుకోనొచ్చినాను."

తాయమ్మ లోపల లెక్క వేసుకుంది. రెండేళ్ళు. అంటే తాను కంకణం కట్టించిన నాటికే భారతమ్మ లేదు. కొడుకు కోసం నిప్పులు తొక్కిన నాటికి లేదు. ఇన్నాళ్ళూ భయమంతా కొడుకు మీద పెట్టుకుని కాపలా కూర్చుంది. పోవలసిన ప్రాణం అవతలి దేశంలో, ఎవరూ కాపలా లేని చోట, చప్పుడు లేకుండా పోయింది. గుండం ముందు నిలబడినప్పుడు కూడా ద్రౌపదమ్మకు కొడుకు పేరే చెప్పింది. కూతురి పేరు చెప్పలేదు. ఆ సంగతి గుర్తొచ్చి ఆమె గుండె బద్దలయ్యేలా ఏడ్చింది. ఊరంతా వచ్చి ఏడ్చింది.

మర్నాడు పొద్దున మునసబు దామోదరం పలకరించడానికి వచ్చాడు. మంచి మనిషే, గొంతే పెద్దది. వాకిట్లో నిలబడి కర్ర నేలకు కొట్టి, "ఎవురుండారు లోపల?" అన్నాడు.

ఆ పిల్ల చేతిలో ఉన్న మరమరాల గిన్నె వదిలేసి మంచం కిందికి దూరిపోయింది. గోడ మూలకు చేరి, మోకాళ్ళు రొమ్ముకు పట్టుకుని, కళ్ళు గట్టిగా మూసుకుంది. ఆ పిల్ల అరవామె ఇంట్లో ఉన్నప్పుడు, వాకిట్లో గట్టి గొంతు వినబడిందంటే జపాను వాళ్ళు ఎవరో ఒకర్ని తీసుకుపోయేవాళ్ళట. వెంకటముని వంగి పిలిచాడు, రాలేదు. ఇరుగుపొరుగువాళ్ళు వంగి బెల్లం చూపించారు, రాలేదు. "భయం లేదమ్మా, భయం లేదు, బయటికి రా" అని అందరూ ఒకటే అనడం. దామోదరం పాపం కర్ర దూరంగా పారేసి గుసగుసగా కూడా పిలిచి చూశాడు.

తాయమ్మ వాళ్ళందర్నీ బయటికి పొమ్మంది. తలుపు దగ్గరికి వేసింది. తర్వాత కొంగు బిగించుకుని నేల మీద పాక్కుంటూ తానూ మంచం కిందికి దూరింది. ఆ వయసులో నడుము పట్టేసింది. పిల్ల ఒక కన్ను తెరిచి చూసింది. భయపడొద్దని తాయమ్మ చెప్పలేదు. ఆ మాట జన్మలో ఎప్పుడూ తనకు పనికిరాలేదు.

"జరుగు కొంచెం. నాకూ భయమే" అంది వచ్చీరాని అరవంలో.

పిల్ల కాసేపు ఆలోచించి, జరిగి చోటిచ్చింది.